గుడ్డ కప్పిన పళ్ళేలు

కెజాయా టెబ్బట్ ముఖం చూసి ఎవరూ ఏమీ చెప్పలేరు. నాకు ఆవిడ మీద మొదటినుంచీ అనుమానం అందుకే. మా వీధిలో ఎవరింట్లో ఏం వండారో, ఎవరి మొగుడు ఎంత తాగొచ్చాడో సాయంత్రానికల్లా అందరికీ తెలిసిపోతుంది. కెజాయా మాత్రం అన్నీ వినేది, తలూపేది, తిరిగి ఒక్క ముక్క చెప్పేది కాదు. అంతలా నోరు కుట్టేసుకునే మనిషి ఏదో దాస్తూ ఉండాలి అని మా ఆయన ఈనస్‌తో అనేదాన్ని. "నీకు పాలవాడి మీద అనుమానం, టీ పొడి కొట్టువాడి మీద అనుమానం, పాస్టరుగారి దగ్గు మీద కూడా అనుమానమే" అని నవ్వేవాడు. పాలలో నీళ్ళు కలుస్తున్నాయని తర్వాత తేలిందా లేదా? ఆ మాట మాత్రం ఎత్తడు.

మాది నార్తాంప్టన్ పక్కన బూట్లు కుట్టే ఊరు. ముసలి రాణి పోయి ఎడ్వర్డు రాజు గద్దెనెక్కిన రోజులవి. మా ఇళ్ళల్లో పొయ్యిలు నీళ్ళు కాచుకోవడానికీ ఓ పులుసు ఉడకబెట్టుకోవడానికీ సరిపోయేవి. మాంసం కాల్చాలంటే కెజాయా రొట్టెల బట్టీయే దిక్కు. ఆదివారం చర్చికి పోతూ ఎవరి రేకు పళ్ళెం వాళ్ళు అక్కడ ఇచ్చేవాళ్ళం. అడుగున గుడ్లూ పాలూ కలిపిన పిండి, అందులో బంగాళాదుంపలు, మధ్యలో మాంసం ముక్క, పైన ఉతికిన తెల్లగుడ్డ. ప్రార్థన అయ్యాక వేడి పళ్ళెం మీద అదే గుడ్డ కప్పుకుని ఇంటికి తెచ్చుకునేవాళ్ళం. వీధిలో ఆ గుడ్డ తియ్యడం మర్యాద కాదు. లోపల, పొయ్యి నోటి దగ్గర, కెజాయా ఒక్కతే తీసేది.

భర్త పోయాక ఆ బట్టీ ఆవిడే నడుపుకొచ్చింది. మోచేతుల దాకా కాలిన మచ్చలు. గుప్పెడు పిండి పొయ్యిలో చల్లి, అది ఎంతసేపటికి రంగు తిరుగుతుందో చూసి వేడి తెలుసుకునేది. పెద్ద ముక్కలున్న పళ్ళేలు లోపలికి, చిన్నవి ముందుకి, పొడవాటి చెక్క తెడ్డుతో నెట్టేది. మిగతా రోజుల రొట్టె బేరాన్ని పట్నం నుంచి వచ్చే ఫ్యాక్టరీ బండి లాగేసుకుంది. ఆవిడకి మిగిలింది ఆదివారం పళ్ళేలే. అవీ పోతే దిక్కులేనివాళ్ళని పెట్టే వర్క్‌హౌస్‌లో గంజి తాగడమే గతి. అది మా అందరికీ తెలుసు.

ఆకులు రాలే రోజుల్లో నా ముక్క తగ్గుతోందని గమనించాను. కాలితే మాంసం ముడుచుకుంటుందని నాకు తెలియక కాదు. ముడుచుకోవడం వేరు, కోసుకోవడం వేరు. ఒక పక్క నున్నగా, కత్తి పెట్టినట్టు ఉండేది. పైగా కెజాయా మాంసం కొనడం కసాయి కొట్టులో చూసినవాళ్ళు లేరు. ఆవిడ పిల్లి మాత్రం దుక్కలా ఉండేది.

ఫీబీ లోస్బీ చెవిన వేశాను. ఫీబీ మొగుడు ఫ్యాక్టరీలో మేస్త్రీ. ఆవిడకి చెబితే వీధికి చెప్పినట్టే.

"నాదీ తగ్గుతోంది వదినా. పెద్దావిడ కదా అని నోరు మూసుకుని ఊరుకున్నా" అంది.

ఫీబీ నోరు మూసుకున్న రోజు నేనెరగను. కానీ ఆ వారం తిరక్కుండానే వీధిలో అందరి ముక్కలూ తగ్గిపోయాయి. కంచే చేను మేస్తే ఇంకేం మిగులుతుంది అని చర్చి మెట్ల మీద కూడా అనుకున్నారు.

శనివారం సాయంత్రం అందరం కలిసి బట్టీకి వెళ్ళాం.

"కెజాయక్కా, ఇకనుంచి కాటా పెట్టు" అన్నాను. "పొయ్యిలోకి పోయేముందు మా ఎదురుగా గుడ్డ తీసి తూచు. తీశాక మళ్ళీ తూచు. నీకు మాట పడే పనుండదు, మాకు అనే పనుండదు."

ఆవిడ చేతుల పిండి దులుపుకుని నన్ను చూసింది. తర్వాత నా వెనకవాళ్ళని ఒక్కొక్కరినే చూసింది. వాళ్ళలో నా కూతురు మేబెల్ కూడా ఉంది.

"తూచను" అంది.

"ఎందుకు తూచవు?"

"అందరి ముందూ గుడ్డ తియ్యను. అంతే."

"తప్పు చెయ్యనిదానివి, తూకానికి భయమెందుకమ్మా?" అంది ఫీబీ.

"నమ్మకం లేనివాళ్ళు వంతెన అవతల గార్లీ బట్టీకి పోవచ్చు. అతని దగ్గర కాటా ఉంది" అని కెజాయా పిండి పిసకడంలో పడిపోయింది.

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకోవడం ఇదే కాదూ అనుకుంటూ బయటపడ్డాం. మేబెల్ మాత్రం నా గౌను పట్టుకున్న చిన్నపిల్లలా పక్కనే నడుస్తూ, "పోనీలే అమ్మా, గార్లీ దగ్గరికి అంత దూరం ఎవరు మోస్తారు?" అంది.

"నీకేమే, నీ ముక్క పెద్దది. కాస్త పోయినా తెలీదు" అన్నాను.

మేబెల్ నేను వద్దన్న పెర్సీని చేసుకుంది. రేపు కడుపు మాడితే నా గుమ్మం ఎక్కొద్దని పెళ్ళినాడే చెప్పాను. ఎక్కలేదు. పెర్సీ తోలు కోసే పనివాడు, మంచి జీతం. ప్రతి ఆదివారం మేబెల్ అందరికంటే ఎత్తుగా గుడ్డ కప్పిన పళ్ళెంతో వీధి మధ్యలోంచి నడిచేది. అది చూస్తే నాకు గర్వంగా ఉండేది, కొంచెం ఒళ్ళు మండేది కూడా.

మర్నాడు వీధి వీధంతా గార్లీ కొట్టు ముందు వరసకట్టింది. గార్లీది పెద్ద గొంతు. గుడ్డ లాగడం, ముక్క కాటాలో వెయ్యడం, తూకం అరిచి చెప్పి పలక మీద సుద్దతో రాయడం. మేమనుకున్నట్టే ఉంది. అంతలో ముందున్న మన్ గారి భార్య ఉప్పు మర్చిపోయానని పళ్ళెంతో వెనక్కి తిరిగింది. ఆ వెనకావిడ పిల్లాడు ఏడుస్తున్నాడంటూ వెళ్ళిపోయింది. వీళ్ళకేం వచ్చిందని నేను అనుమానంగా చూస్తుండగానే మేబెల్ కూడా వరస తప్పుకోబోయింది. మోచెయ్యి పట్టుకుని ఆపాను.

"నువ్వెక్కడికే? నీ వంతొచ్చింది."

గార్లీ గుడ్డ లాగేశాడు. పిండి, బంగాళాదుంపలు. మధ్యలో, గుడ్డ ఎత్తుగా కనబడటానికి, బోర్లించిన గిన్నె.

"ఏం తూచమంటావమ్మా, గిన్నెనా?" అన్నాడు.

ఫీబీ నవ్వింది. మేబెల్ గుడ్డ కూడా తీసుకోకుండా పళ్ళెం ఎత్తుకుని పోయింది. నేను చర్చికి పోలేదు, దాని వెనకే పోయాను.

"కొత్త మిషన్లొచ్చాక పెర్సీని తీసేశారు. ఎండాకాలం నుంచీ పనిలేదు" అంది.

"మరి ఇన్నాళ్ళూ ఆదివారాలు ఏం తిన్నారే?"

"మాంసమే తిన్నాం. మొదటిసారి ఇంటికొచ్చి గుడ్డ తీస్తే గిన్నె పక్కన ముక్క ఉంది. ఆ తర్వాత ప్రతిసారీ ఉంది. కెజాయా పెద్దమ్మ తనదాంట్లోంచి పెడుతోందనుకున్నా. అడగడానికి నాకు మొహం చెల్లలేదు."

కెజాయాకి తనదంటూ ముక్కెక్కడిది? నా ముక్కకి పడ్డ కత్తిగాటు గుర్తొచ్చింది. మన్ గారి భార్య మర్చిపోయిన ఉప్పూ గుర్తొచ్చింది. నా అనుమానం అక్షరాలా నిజం. కోసింది, నా ముక్కే కోసింది, తెచ్చి నా కూతురి పళ్ళెంలో పెట్టింది. నాకు కోపం ముంచుకొచ్చింది. కెజాయా మీదా, మేబెల్ మీదా, అన్నిటికంటే నా నోటి మీదా. సిగ్గుతో దాని ముఖం చూడలేకపోయాను.

"ఇంక పళ్ళెం పట్టుకుని ఆ వీధిలో నడవనమ్మా. నువ్వూ ఏమీ తేకు" అని మేబెల్ తలుపేసుకుంది.

ఆ రోజు కెజాయా పొయ్యి వెలిగించే ఉంచిందట. ఒక్క పళ్ళెం కూడా రాలేదు. మరుసటి ఆదివారం నేను నా పళ్ళెం తీసుకుని అందరూ చూస్తుండగా బట్టీ వైపు తిరిగాను.

"వదినా, గార్లీ దగ్గరికి రావా?" అంది ఫీబీ.

"రాను."

"ఎందుకు రావు?"

"రాను, అంతే."

ఫీబీ కళ్ళు చిన్నవయ్యాయి. "ఈవిడ ఊరికే పోయే రకం కాదు. ఆ ముసలిది లోపల్లోపల ఏదో ముట్టజెబుతోంది" అని పక్కావిడతో నాకు వినబడేలాగే అంది. ఆ లాభమేదో తనకెందుకు తప్పాలని పళ్ళెంతో నా వెనకే వచ్చింది. ఫీబీ వెనక మిగతావాళ్ళు. మన్ గారి భార్య కూడా వచ్చింది. అనుమానంతో పోయినవాళ్ళు అనుమానంతోనే తిరిగొచ్చారు. ఒక్కరూ క్షమించమనలేదు, కెజాయా ఒక్కరినీ అడగలేదు. పళ్ళేలు అందుకుని గుడ్డల్తో సహా లోపలికి తీసుకుపోయింది.

అందరూ చర్చికి వెళ్ళాక నేను ఆగాను.

"ఈసారి పెద్ద ముక్క తెచ్చాను. కోసుకో అక్కా" అన్నాను. అంతకంటే ఎక్కువ నా నోట రాలేదు.

కెజాయా నా పళ్ళెం మీద గుడ్డ తీసి కత్తి అందుకుంది. బల్ల మీది పళ్ళేలన్నీ ఒకసారి చూసి, నా వైపు తిరిగింది.

"కోస్తాను లవీనియా. ఎవరి పళ్ళెంలో పెట్టమంటావు? మేబెల్ రాలేదు."