తాత తలమీద పెరిగిన నెల

మా తాత ఆగయ్య కిషన్‌బాగ్‌లోనే పుట్టాడు, అక్కడే బర్రెల్ని సాకాడు, అక్కడే ఇల్లిల్లూ తిరిగి పాలు పోశాడు. ఆయన చూసిన దూరదేశం నగరం అంచున ఉన్న జల్‌పల్లి. అదీ ఆయనకు నచ్చలేదు. అలాంటి మనిషి ఈ మధ్య వేరే గ్రహం వాళ్లకు క్యాలెండర్ తయారు చేసి పెట్టాడు.

తప్పంతా నా ఫోన్‌ది. అందులో ఒక వీడియో వచ్చింది. ఎక్కడో ఒక గ్రహం ఉందట, దాని ఒక పక్కన ఎప్పుడూ పగలేనట, పొద్దు వాలదట. నేను నోరు తెరుచుకుని చూస్తుంటే తాత నా భుజం మీద గడ్డం ఆనించి తొంగి చూశాడు.

"మరి గాళ్లు పాలు ఎప్పుడు పిండుతరు?"

నా చదువు ఇంటర్ ఫిజిక్స్ దగ్గర ఆగిపోయింది. ఆ ఫిజిక్స్‌లో కూడా ఈ ప్రశ్న రాలేదు. "నాకేం ఎరుక తాతా" అన్నాను.

"పొద్దు వాలదు, చందమామ లేదు. పాపం గాళ్లకు ఒళ్లే గడియారం గావాలె" అని నిట్టూర్చాడు. ఆ రాత్రి నుంచి వాళ్ల ఫికర్ అంతా తనే నెత్తిన పెట్టుకున్నాడు.

తాత లెక్క ప్రకారం అక్కడ ఆకలైతే ఒక పూట. ఆవులింత వస్తే రోజు అయిపోయినట్టు. తుమ్మొస్తే పండుగ, ఆ రోజు ఎవరూ పని చేయరు. ఒక జుట్టు కటింగ్ నుంచి ఇంకో కటింగ్ దాకా నెల. పన్ను ఊడితే ఏడాది. క్యాలెండర్ సరిగ్గా ఉందో లేదో చూడాలి కాబట్టి ముందు తనే పాటించాడు. ఫలితంగా మా ఇంట్లో పూటలు ఐదయ్యాయి, పండుగలకు లెక్కే లేకుండా పోయింది.

మా నానమ్మ సక్కుబాయికి కట్టుడు పళ్లు. నానమ్మ వయసెంతని అడిగాను.

"పళ్లన్నీ కొత్తయి గదా బిడ్డా. మీ నానమ్మ ఇంకా పుట్టనే లే."

"పుట్టనిదాన్ని నీకు బువ్వెట్ల వండుత?" అని వంటింట్లోంచి నానమ్మ గరిటె చూపించింది. ఆ రోజు తాతకు ఒక్క పూటే అయింది.

ఇలా సాగుతుండగా మా నాన్న బాలరాజ్ ఒక మాట తెచ్చాడు. తాత దగ్గర మిగిలింది ఒక్కటే బర్రె, బిజిలీ. పేరుకే బిజిలీ, ఈగ వాలినా తోక ఊపడానికి ఆలోచిస్తుంది. అది ఎదకు రాక చాలా కాలమైంది. ఎదకు రాకపోతే చూడి కట్టదు, చూడి కట్టకపోతే పాలు లేవు.

"బాపూ, తినుడు తప్ప దానికి వేరే పని లేదు. జల్‌పల్లి బేరగాడు అడుగుతుండు. ఇచ్చేద్దాం."

తాత నవ్వు ఆగిపోయింది. బిజిలీ ఆయన చేతుల్లో పుట్టింది. అది పోతే తెల్లవారి ఎందుకు లేవాలో ఆయనకు తెలియదు.

"ఒక్క నెల ఆగురా."

"ఏ నెల? మనదా, నీ ఆకాశపోళ్లదా?" అని నాన్న వెక్కిరించాడు.

"నువ్వే చెప్పు."

"సరే పో, గాళ్లదే. మాటంటే మాట."

అక్కడ నెల అంటే ఏమిటో మా నాన్న సరిగ్గా వినలేదు. మా తాత ఆ రోజు నుంచి అంజన్ సెలూన్ ఉన్న గల్లీలో అడుగు పెట్టలేదు.

జుట్టు పెరిగింది. ముందు చెవులు మాయమయ్యాయి, తర్వాత మెడ. గడ్డం గుండెల మీదికి దిగింది. పాన్ డబ్బా దగ్గర ఒకావిడ తాతను ఎవరో బాబా అనుకుని చంటిపిల్లకు దిష్టి తీయమంది. తాత తీశాడు కూడా. బిజిలీ మాత్రం ఏమీ పట్టనట్టు నెమరు వేసేది. తాత రోజూ దాని పక్కన కూర్చుని, "తొందరేం లేదు, మస్తు టైముంది" అని తన జుట్టు చూపించేవాడు.

చివరికి ఆ నెల అంటే కటింగేనని తెలిసి నాన్నకు ఓపిక నశించింది. ఒక ఆదివారం అంజన్‌నే ఇంటికి పట్టుకొచ్చాడు. తాత షెడ్డులోకి పరుగెత్తి బిజిలీ వెనక దాక్కున్నాడు.

"బాపూ, ఎంత లొల్లి చేస్తవ్? రా బయటికి!"

"మీ అయ్య నెలను గుంజుకుంటవారా?"

"ఆ జుట్టుకు బువ్వ పెట్టలేక చస్తున్న, కూసో!" అని నానమ్మ కూడా కొడుకు పక్షం చేరింది.

ఇక తప్పక, షెడ్డులోనే, బిజిలీ ఎదురుగానే కత్తిరించాలని తాత షరతు పెట్టాడు. అంజన్ తాత మెడకు గుడ్డ చుట్టి మిషన్ పెట్టాడు. కుడి పక్క జుట్టంతా రాలింది. అప్పుడు బిజిలీ అరిచింది.

"మిషన్ చప్పుడుకు బెదిరింది" అని అంజన్ ఆపేశాడు. బిజిలీ ఆపలేదు. మెడ సాచి గల్లీ అంతా వినబడేలా అరిచింది. ముందున్న గడ్డి ముట్టలేదు. తోక ఎత్తి, తాడు తెంపుకునేలా గిర్రున తిరిగింది. తాత దాని వెనక్కి వెళ్లి చూసి ఎగిరి గంతేశాడు.

"ఎదకొచ్చిందిరా బాలరాజూ!"

సగం గుండుతో, మెడకు గుడ్డతో పశువుల డాక్టరు కోసం రోడ్డెక్కాడు. ఆయన సందు తిరిగేలోపు నేను డాక్టరుకు ఫోన్ చేశాను. డాక్టరు బండి మీద వచ్చి, చూడి కట్టించే సూది సిద్ధం చేసుకున్నాక, తాత రొప్పుతూ తిరిగొచ్చి "డాక్టర్ ఇంట్ల లేడు!" అని ఏడ్పు ముఖం పెట్టాడు.

సూది వేస్తున్నంతసేపూ తాడు పట్టుకుని నిలబడింది మా నాన్నే. చూడి నిలిచిందో లేదో మూడు నెలలకు గానీ తెలియదని చెప్పి డాక్టరు వెళ్లిపోయాడు.

అంజన్ మళ్లీ మిషన్ ఎత్తాడు. తాత మిగిలిన సగం జుట్టును రెండు చేతులతో కప్పుకుని నాన్న వైపు చూశాడు. నాన్న బిజిలీని చూశాడు, తాత తలను చూశాడు. నవ్వు ఆపుకోలేక ముఖం పక్కకు తిప్పుకున్నాడు.

"నువ్వు పో అంజన్ అన్నా," అన్నాడు. "మూడు నెలలాగి రా."