గోల్ అంటే గిట్టని సిల్వానో

సిల్వానో బెర్తొలీకి గోల్ అంటే గిట్టదు. అవతలివాళ్ళు వేసే గోల్ ఏ కోచ్‌కీ గిట్టదు, అందులో వింతేం లేదు. సిల్వానోకి సొంత జట్టు వేసేదీ గిట్టదు. టీవీలో ఎవడో గోల్ వేసి చొక్కా విప్పి పరుగెడుతుంటే, పక్కింట్లో దొంగలు పడ్డట్టు తల పట్టుకునేవాడు. ఆట సున్నా–సున్నాతో ముగిసిందా, ఆ పూట ఆయనకు పెళ్ళిభోజనమే.

ఇటలీలో పద్దెనిమిదేళ్ళు డిఫెండరుగా ఆడాడు. ముక్కు మూడుసార్లు విరిగింది. మూడుసార్లూ మూడు వైపులకు తిప్పి అతికించారు. దాంతో ఆయన ఎటు చూస్తున్నాడో ఎదుటివాడికి అంతుపట్టేది కాదు. కోచ్ అయ్యాక ఆరు క్లబ్బులు మారి, ఏడోదాని కోసం సింగపూర్ వచ్చాడు. ఆ క్లబ్బు మూడు నెలలకే దణ్ణం పెట్టేసింది. ఆయన జట్టు ఆడుతుంటే జనం నిద్రపోయేవారు. ఒకసారి రిఫరీ కూడా విజిల్ నోట్లో పెట్టుకుని కునుకు తీశాడు. గురకకే విజిల్ మోగి ఆట ముగిసిందని, ఆయన ఉండే బూన్ లే పేటలో ఇప్పటికీ చెప్పుకుంటారు.

అది 1999. సైన్స్ పార్కులోని ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో మనవాళ్ళు నూటఇరవైమంది ఉండేవారు. వాళ్ళ మేనేజరు జగన్మోహనరావుకి కంపెనీల ఫుట్‌బాల్ పోటీలో పరువు దక్కించుకోవాలని పట్టుదల. "ఇటలీవాడటయ్యా! ఇంకేం కావాలి?" అని సిల్వానోని కోచ్‌గా పెట్టేశాడు. షరతు మాత్రం ఒకటే. ఆరు మ్యాచుల్లో కనీసం ఒకటి గెలవాలి. గెలవకపోతే ఉద్యోగం లేదు, ఉద్యోగం లేకపోతే వీసా లేదు, సిల్వానో పెట్టె సర్దుకోవాల్సిందే.

కెప్టెన్ జనార్ధనరావుది భీమవరం. ఒక్క గోలైనా వేసి ఫొటో ఇంటికి పంపాలని ఆయన కోరిక. గోల్ కీపరు అప్పయ్యది పార్వతీపురం. పొడుగ్గా ఉన్నాడని కిందటేడు గోల్లో నిలబెడితే, ఒకే ఆటలో తొమ్మిది గోల్స్ వదిలేశాడు. మర్నాడు ఎవడో అతని కంప్యూటరు మీద తొమ్మిది అంకె వేసిన కాగితం అంటించాడు. అప్పట్నుంచి అప్పయ్య క్యాంటీనుకి రావడం మానేసి, మెట్ల మీద ఒక్కడే కూర్చుని పెరుగన్నం తినేవాడు.

మొదటిరోజు ప్రాక్టీసులో సిల్వానో అడిగాడు.

"మీలో గోల్ వేసినవాళ్ళెవరు?"

జనార్ధనరావు ఛాతీ విరుచుకుని చెయ్యెత్తాడు. "నేనే కోచ్! కాలేజీలో నాలుగు!"

"ఛ," అన్నాడు సిల్వానో, పాపం ఒప్పుకోవడానికి వచ్చినవాణ్ణి చర్చిలో ఫాదర్ చూసినట్టు చూస్తూ. "జరిగిందేదో జరిగింది. ఇంక చెయ్యకు లా." మాట చివర ఆ 'లా' సింగపూర్ ఆయనకు అంటించిన ఊతపదం.

మొదటి నెల బంతి చూపించలేదు. యూ టీ పేటలో జనార్ధనరావు ఉండే బ్లాకు కింద, పదిమందినీ నడుములకు ఒకే తాడు కట్టి, కుడికి మూడడుగులు, ఎడమకు మూడడుగులు నడిపించాడు. కూరగాయల సంచులతో వెళ్తున్న చైనీస్ ఆంటీ ఒకావిడ ఆగి, "ఇండియా డ్యాన్సా? పెళ్ళెవరికి?" అని ముచ్చటపడింది. పైనుంచి జనార్ధనరావు భార్య సూర్యకుమారి కేకేసింది.

"ఏమండోయ్! ఆ తాడు మనదే! తడిబట్టలు నా నెత్తిమీద ఆరేసుకోనా?"

"సిస్టర్, రెండు వారాలు ఓపిక పట్టాలి," అన్నాడు సిల్వానో కిందనుంచి. "వీళ్ళు ఇంకా వంకరగా ఆరుతున్నారు."

చిన్న చిన్న తిండి కొట్లుండే హాకర్ సెంటరులోనూ అదే వరస. టిష్యూ ప్యాకెట్ పెట్టి బల్ల చోప్ చెయ్యడం, అంటే ముందే పట్టి ఉంచుకోవడం, ఊరందరి ఆనవాయితీ. సిల్వానోకి ఆ ప్యాకెట్ మీద నమ్మకం లేదు. "అది అడ్డు పడగలదా లా? కాలుందా దానికి?" అని తనే బల్ల ముందు చేతులు చాచి నిలబడేవాడు. పళ్ళెం పట్టుకుని ఎవరొచ్చినా వాళ్ళతోపాటే పక్కకు జరుగుతూ, కళ్ళల్లోకి చూస్తూ కాపలా కాసేవాడు. ఒక ముసలాయన కుడికీ ఎడమకీ నాలుగుసార్లు ప్రయత్నించి, చివరికి ఓడిపోయి చెయ్యి కలిపి వెళ్ళాడు.

పోటీ మొదలైంది. అయిదు మ్యాచులు, అయిదూ సున్నా–సున్నా. అసలు ఆ ఏడాది మనవాళ్ళందరూ సింగపూర్‌లో ఉన్నదే రెండు సున్నాల భయంతో. రెండువేల సంవత్సరం వస్తే ఆ సున్నాలను చూసి కంప్యూటర్లు ఏమైపోతాయోనని ప్రపంచం వణుకుతుంటే, వాటిని చూసి మురిసిపోయినవాడు సిల్వానో ఒక్కడే. "సున్నా మీవాళ్ళు కనిపెట్టిందేగా! సొంత సరుకంటే సిగ్గెందుకు?" అనేవాడు.

జగన్మోహనరావు మాత్రం మురిసిపోలేదు. "ఇదే ఆఖరిది జనార్ధనా! బ్యాంకువాళ్ళ మీద గెలిచారా సరే. లేదా, మీ గురువుగారికి టికెట్ కొంటాను."

జనార్ధనరావు ఆ సాయంత్రమే బూన్ లేలో సిల్వానో ఫ్లాట్‌కి పరిగెత్తాడు. తలుపు తీయగానే ఎదురుగా గోడ మీద ఫొటో. ముక్కు ఇంకా తిన్నగా ఉన్న కుర్ర సిల్వానోని జనం భుజాల మీద ఎత్తుకున్నారు. కింద చిన్న వెండి బంతి.

"ఇదేంటి కోచ్?"

"ఇరవైమూడు గోల్స్," అన్నాడు సిల్వానో దొంగ దొరికిపోయినట్టు. "డిఫెండర్లలో నావే ఎక్కువ. ఒక్కచోట నిలబడేవాణ్ణి కాదు. మా కోచ్ అరిచి అరిచి గొంతు పోగొట్టుకున్నాడు."

"మరి మమ్మల్ని హాఫ్ లైన్ దాటనివ్వరేం?"

సిల్వానో కాఫీ కలుపుతూ అటు తిరిగే చెప్పాడు. "అప్పయ్య మెట్ల మీద తింటున్నాడు. పదో గోల్ పడితే ఇంక మెట్ల మీదకి కూడా రాడు. వాడు ఒక్క బంతి పట్టుకోవాలి. అప్పటిదాకా ఎవరూ కదలడానికి వీల్లేదు."

"మీ ఉద్యోగం పోతుంది కోచ్!"

"ఏడు పోయాయి. నాకలవాటే."

"మేమంత గట్టిగా అడ్డుపడితే వాడిదాకా బంతి ఎలా వస్తుంది?"

సిల్వానో చెంచా ఆపాడు. ఇరవయ్యేళ్ళ కోచింగులో ఆ సంగతి ఆయనకు తట్టనే లేదు.

ఆఖరి మ్యాచి. ఇంకో అయిదు నిమిషాలుంది. సున్నా–సున్నా. బ్యాంకు తరఫున ఆడుతున్న బొద్దుపాటి అకౌంటెంటు ఒకడు ఆయాసపడుతూ వచ్చి ఒక తన్ను తన్నాడు. బంతి ఎండకు సొమ్మసిల్లినట్టు నింపాదిగా దొర్లుతూ జనార్ధనరావు కాళ్ళ దగ్గరికి వచ్చింది. ఆపాలంటే ఒక చెప్పు అడ్డం పెట్టినా చాలు.

జనార్ధనరావు ఒకసారి వెనక్కి చూశాడు. అప్పయ్య గోల్లో వణుకుతున్నాడు. జనార్ధనరావు కాలు తీసేశాడు.

అప్పయ్య కళ్ళు మూసుకుని ఆ బంతి మీద పడ్డాడు. కావలించుకున్నాడు. కళ్ళు తెరిచి, అది తన గుండెల మీదే ఉందని చూసుకుని, అరిచిన అరుపుకి పక్క గ్రౌండులో బ్యాడ్మింటన్ ఆగిపోయింది.

"పొండి!" అని సిల్వానో గొంతు చించుకున్నాడు. "ఇంక వాడికి మీరక్కర్లేదు! పొండి లా!"

అప్పయ్య బంతిని ముందుకు విసిరాడు. పదిమందీ కదిలారు. విడివిడిగా పరిగెత్తడం వాళ్ళకెవరూ నేర్పలేదు కాబట్టి భుజం భుజం రాసుకుంటూ ఒకే గోడలా వెళ్ళారు. గోడ మీద పడుతుంటే బ్యాంకువాళ్ళు పక్కకు తప్పుకున్నారు. బంతి ఎవరి కాలికి తగిలిందో దేవుడికే తెలియాలి, లోపలికి మాత్రం వెళ్ళింది. జనార్ధనరావు అది తనదేనని ఫొటో పంపాడు. మిగతా తొమ్మిదిమందీ పంపారు.

సిల్వానో జనార్ధనరావుని పక్కకు లాగాడు. "కాలు ఎందుకు తీశావు?"

"జారింది కోచ్."

"పొడి గడ్డి మీద?"

"మా భీమవరంలో ఇలాగే జారతాం."

సిల్వానో ఆ జవాబుని కాసేపు నమిలి, మింగేశాడు. ఆయన పెట్టె సర్దుకోలేదు.

మర్నాడు క్యాంటీనులో పెద్ద బల్ల నడిమధ్య అప్పయ్య కూర్చున్నాడు. పదకొండోసారి చెబుతున్నాడు. "తన్నినవాడు ఆరడుగుల మనిషి! బంతి బుల్లెట్‌లా వచ్చింది! చెవి పక్కన గాలి కోసుకుపోయింది!"

"తర్వాత?" అన్నాడు సిల్వానో, మొదటిసారి వింటున్నట్టు ముందుకు వంగి.

"అడుగో, జనార్ధన్నే అడగండి! వాడి కాళ్ళ పక్కనుంచే వచ్చింది!"

బల్ల చుట్టూ అందరూ అటు తిరిగారు. జనార్ధనరావు నోట్లో ఉన్న ముద్ద తాపీగా దిగనిచ్చాడు.

"నాకు కనపడితేగా, ఆపడానికి!"