దసరా నాడు విప్పిన ఆల్టర్నేటర్

డిప్లొమా చేతికొచ్చిన మొదటి ఏడాది మనిషికి ఒక జబ్బు పట్టుకుంటుంది. లోకంలో బిగించి ఉన్న ప్రతి బోల్టూ తన రాక కోసమే ఇన్నాళ్ళూ ఓపిక పట్టి కూర్చుందనిపిస్తుంది. ఆ రోజుల్లో నాకా జబ్బు బాగా ముదిరి ఉండేది. (నాది సివిల్ డిప్లొమా. అంటే సిమెంటు, ఇసుక, కల్వర్టులు. నా చదువుకీ కారుకీ ఉన్న సంబంధం, కారు కల్వర్టు మీంచి వెళ్తుందన్నంత వరకే. ఈ సంగతి కంచరపాలెం మొత్తమ్మీద నాకొక్కడికే తెలుసు. నేనెవరికీ చెప్పలేదు.) మా ఊరు పద్మనాభం నుంచి రేకుపెట్టెతో దిగి, మావయ్య ఇంట్లో వీధి గది ఆక్రమించి, స్టీల్‌ప్లాంటులో ఓ కాంట్రాక్టరు దగ్గర ట్రైనీగా చేరిన నన్ను ఇంట్లోవాళ్ళే కాదు, పాలవాడు కూడా ‘ఇంజనీరు’ అనే పిలిచేవాడు. ఆ పిలుపు విన్నప్పుడల్లా నా ఛాతీ రెండంగుళాలు పెరిగేది. అలా పెరుగుతూ పోతే ఏడాది తిరిగేసరికి గుమ్మంలో పట్టనేమోనని బెంగ కూడా ఉండేది.

మావయ్య పోర్టులో ముప్ఫయ్యేళ్ళు క్రేను నడిపినవాడు. రిటైరయ్యాక ఒక పాత తెల్ల కారు కొనుక్కున్నాడు. అది మా వీధికి మొదటి కారు. మావయ్య దాన్ని నడిపినదానికన్నా తుడిచింది ఎక్కువ. అయితే నేను చెప్పబోయే దసరాకి కారు ఇంటి ముందుంది, మావయ్య పెద్దాసుపత్రిలో ఉన్నాడు. ఊపిరితిత్తులు పాడయ్యాయి. పండగ ముందురోజు డాక్టరు మా బావని (మావయ్య ఒక్కగానొక్క కొడుకు) వరండాలోకి పిలిచి, “రేపు ఇంటికి తీసుకెళ్ళిపోండి, ఆయనకి ఇష్టమైనవి పెట్టండి” అన్నాడట. ఆ మాటకి అర్థం ఇంకొకర్ని అడిగే అవసరం ఎవరికీ రాలేదు.

మావయ్యకీ రాలేదు. మంచం మీంచే ఒక షరతు పెట్టాడు. “అంబులెన్సులో నాను రాను. అది మన వీధి మలుపు తిరిగితే సాలు, ఆడోళ్ళు ముందే ఏడుపు ఎత్తుకుంటారు. నా ఏడుపు నా సెవుల్తో నానెందుకు ఇనాల? నా బండిలో వత్తాను. ముందు సీట్లో కూకుని వత్తాను. ఎనకాల పడుకోబెట్టేరో, మధ్యలో దిగిపోతాను.”

దిగిపోయే ఓపిక ఆయనకెక్కడిది? అయినా ఎవరూ ఆ మాట అనలేదు. ఉదయం తొమ్మిదింటికల్లా కారు తెస్తామని బావా, నేనూ మాటిచ్చాం.

దసరా పొద్దున్న వాన. సముద్రంలో వాయుగుండం, పోర్టులో ప్రమాద సూచిక ఎగరేశారని రేడియోలో చెప్పారు. ఆకాశం తడిసిన గోనెపట్టాలా ఇంటి కప్పు మీదే వాలినట్టుంది. అత్త మాత్రం తెల్లవారకముందే లేచి ఆయుధ పూజ మొదలుపెట్టింది. మావయ్య పనిముట్ల పెట్టెలోని స్పానర్లు, స్క్రూడ్రైవర్లు, సుత్తి, పటకారు అన్నీ అమ్మవారి పటం ముందు వరసగా పేర్చి బొట్లు పెట్టింది. మా ఇళ్ళల్లో ఒక కట్టుబాటుంది. ఆ రోజు పూజలో పెట్టిన పనిముట్టుని మర్నాడు ఉద్వాసన చెప్పేదాకా ముట్టుకోకూడదు. ఏడాదంతా మనకి ఊడిగం చేసినవాటికి అదొక్కటే సెలవు. తర్వాత గొడుగు పట్టించుకుని కారు దగ్గరికొచ్చింది. ప్రతి ఏడూ పైపైన బొట్టు పెట్టి కొబ్బరికాయ కొట్టేది. ఈసారి మొగుడు ఎక్కి రావలసిన బండి కదా, మనసొప్పలేదు.

“ఒరే, ఆ మూత ఎత్తు. లోపల మిషనుక్కూడా సేత్తాను.”

బోనెట్ ఎత్తాం. ఇంజనుకి పసుపు, కుంకుమ, బంతిపూల దండ. ఇంజను మీదే ప్రమిద పెట్టి దీపం వెలిగించింది. (వానగాలికి అది ఆరిపోయింది. అత్త మొహం పాలిపోయింది. “గాలికి ఆరిపోనాదమ్మా, అంతే” అని బావ నాలుగుసార్లన్నాడు.) ఆ కంగారులో ప్రమిద ఒరిగి నూనెంతా లోపలికి జారింది. దాని వెనకే కొబ్బరినీళ్ళు. కాయలో ఉన్నవి గ్లాసెడే అయినా, నా జ్ఞాపకంలో అవి బిందెడు.

బావ తాళం తిప్పాడు. కారు, పీక పట్టుకున్న కోడిపుంజులా కీచుమని అరిచింది. డాష్‌బోర్డు మీద బ్యాటరీ బొమ్మ ఎర్రగా వెలిగింది. ఆరలేదు.

బావకి కారు నడపడం వచ్చు. దాని లోపల ఏముంటుందో తెలియదు, తెలుసుకోవాలనే పాడుబుద్ధీ లేదు. “లైటేగా ఎలిగింది బావా? ఎలిగితే ఎలగనీ. ఎల్లిపోదాం” అన్నాడు. ఆ ఒక్క మాట నేను విని ఉంటే ఇది రాయవలసిన పనే ఉండేది కాదు. కానీ అప్పటికే చుట్టూ నలుగురు చేరారు. వాళ్ళలో ఒకాయన, “ఇంజనీరు గారున్నారు కదా, ఆరేటంటారో సూద్దాం” అన్నాడు. నా ఛాతీ పెరిగింది.

“ఆల్టర్నేటర్ పోయింది” అన్నాను. “బ్యాటరీకి కరెంటు పంపేది అదే. దాన్ని విప్పాలి. విప్పకుండా వెళ్తే దారిలో ఆగిపోతుంది. మావయ్య చేత వానలో కారు తోయిస్తావా?”

ఆల్టర్నేటర్ ఎక్కడుంటుందో వెతకడానికి నాకు పావుగంట పట్టింది. ఈ లోపు స్పానర్లు తెమ్మన్నాను. అత్త గుమ్మానికి అడ్డంగా నిలబడింది.

“పూజలో ఉన్నాయి.”

“అత్తా, మావయ్య కోసమే కదా.”

“ఆరి కోసమే పూజ సేసేన్రా నాను. ఇయ్యాల ఆటిని కదిపితే కాళ్ళిరిసేత్తాను.”

వీధంతా తిరిగాను. ఏడాదిలో మిగతా రోజుల్లో కంచరపాలెంలో రాయి విసిరితే మెకానిక్కుకి తగులుతుంది. ఆ రోజు ప్రతి షెడ్డులోనూ స్పానర్లు బొట్లు పెట్టుకుని, పెళ్ళికొడుకుల్లా పీటల మీద కూర్చున్నాయి. ఆఖరికి మా పెరట్లోనే, నీళ్ళ మోటారు పక్కన, పూజలో పెట్టడం మరిచిపోయిన ఒక తుప్పు పట్టిన పానా దొరికింది. నోరు పెద్దదీ చిన్నదీ చెయ్యడానికి వీలుండే రకం. దాని నోరు మాత్రం, మాట మీద నిలబడని మనిషిలా, బిగించిన చోట ఉండేది కాదు.

బ్యాటరీ తీగ ముందు తీసెయ్యాలని నాకు తెలియదు. పానా తగలగానే చిటచిటమని నిప్పురవ్వలు లేచాయి. దీపావళి ముందే వచ్చిందనుకుని వీధి పిల్లలు చప్పట్లు కొట్టారు. తీగ తీసేశాక పై బోల్టు వచ్చింది. కింది బోల్టు రాలేదు. బురదలో వెల్లకిలా పడుకుని కారు కిందకి దూరాను. పానా జారింది, నా వేళ్ళ చర్మం లేచింది. మళ్ళీ జారింది, బోల్టు మూలలు అరిగి గుండ్రమయ్యాయి. గంటన్నర కుస్తీ పట్టాక అది ఊడి నా నుదుటి మీద పడింది. వెనకాలే చిన్న పనసకాయంత ఆల్టర్నేటర్, పసుపూ కుంకుమలతో, నా పొట్ట మీదకి దిగింది. అమ్మవారు స్వయంగా వచ్చి కూర్చున్నంత బరువు.

అప్పుడే బావ సెల్లు మోగింది. పక్క మంచం వాళ్ళ ఫోన్లోంచి మావయ్య. “ఎందాకా వచ్చేర్రా?”

బావ నా వైపు చూశాడు. నేను కారు కింద నుంచి, “బయల్దేరిపోయాం మావయ్యా!” అని అరిచాను.

ఓల్డ్‌టౌన్‌లో డైనమో భాయ్ అని ఒక పెద్దాయన ఉండేవాడు. కారు కరెంటు పనిలో ఆయన్ని మించినవాడు లేడని పేరు. ఆల్టర్నేటర్‌ని పూజ తువ్వాలులో చుట్టి ఒళ్ళో పెట్టుకుని, దాన్ని తిప్పే రబ్బరు బెల్టు మెళ్ళో వేసుకుని, బావతో సిటీ బస్సెక్కాను. మొహం నిండా బురద, ఒళ్ళో పసుపు మూట. పక్క సీటు ముసలమ్మ లేచి నిలబడింది. “ఏ అమ్మోరు బాబూ?” అని మూటకి దండం పెట్టింది. జవాబు చెప్పే ధైర్యం లేక నేను కళ్ళు మూసుకున్నాను. అది భక్తి అనుకుని ఇంకో ఇద్దరు పెట్టారు.

భాయ్ దుకాణం తెరిచే ఉంది. కానీ ఆయన చేతులు కట్టుకుని బల్ల మీద కూర్చున్నాడు. “నా దగ్గిర పనిసేసేవోళ్ళు పొద్దున్నొచ్చి సామాన్లన్నిటికీ బొట్లెట్టీసి పోనారు. రేపటిదాకా ముట్టుకోవద్దు భాయ్ అన్నారు, సరే అన్నాను. మాట మాటే కదా” అన్నాడు. నా మొహం చూసి జాలిపడ్డాడో ఏమో, మూట విప్పించి, ఆల్టర్నేటర్ చక్రాన్ని ఒక్క వేలుతో తిప్పి చెవి దగ్గర పెట్టుకున్నాడు. తర్వాత నా మెళ్ళో బెల్టు తీసి బొటనవేలితో రాశాడు, వాసన చూశాడు.

“కారు అరిసిందా?”

“అరిచింది.”

“అరిసింది ఇది” అని బెల్టు చూపించాడు. “దీపం నూనె తాగీసింది. జారిపోతంది. చక్రం తిరక్కపోతే కరెంటేటొస్తాది? గుడ్డతో తుడిసి, కొంచెం బిగిస్తే అయిపోను. మీరు దీన్నెందుకు ఇప్పేరు? సంటిది ఏడిత్తే పక్కింటోడికి సూది పొడిసినట్టుంది. ఎవరు బాబూ ఇప్పింది?”

“ఇంజనీరు” అన్నాడు బావ. ఆ మాట అంత నీచంగా వినపడడం అదే మొదలు.

ఇల్లు చేరేసరికి రెండు దాటింది. ఈ మధ్యలో ఫోన్ రెండుసార్లు మోగింది. “జ్ఞానాపురంలో ట్రాఫిక్కు మావయ్యా” అని ఒకసారి, “టైరు పంచరు” అని ఒకసారి నేనే చెప్పాను. రెండోసారి మావయ్య ఏమీ అడగలేదు. “సరేలేరా, నిదానంగా రండి” అన్నాడు. ఆ గొంతు విన్నాక బావ నాతో మాట్లాడ్డం మానేశాడు.

బెల్టు తుడిచి, ఆల్టర్నేటర్‌ని మళ్ళీ దాని చోట కూర్చోబెట్టాం. కానీ మూలలు అరిగిన ఆ బోల్టుని తుప్పు పానా పట్టుకోవడం లేదు. తిప్పుతున్నాను, జారుతోంది. తిప్పుతున్నాను, జారుతోంది. వాన పెరిగింది. మూడున్నరకి బావ కారు చక్రానికి జేరగిలబడి, మొహం రెండు చేతుల్లో పెట్టుకున్నాడు. “అంబులెన్సుకి ఫోన్ సేసేత్తాను” అన్నాడు మెల్లగా.

అత్త గుమ్మంలో నిలబడి అదంతా వింటోంది. లోపలికి వెళ్ళింది. అమ్మవారి పటం ముందు కొంతసేపు కూర్చుంది. ఏం మాట్లాడుకుందో వాళ్ళిద్దరికే తెలియాలి. తర్వాత గట్టిగా అడిగింది.

“ఏ నెంబరు పానా కావాల్రా?”

నాకు తెలియదు. ఇంజనీరుకి తెలియదు. బావ తలెత్తి, “నీకేటి తెలుసే నెంబర్లు?” అన్నాడు.

“ముప్ఫయ్యేళ్ళు నూనె గుడ్డలుతికేను, నాకు తెలీదా? పన్నెండా, పధ్నాలుగా?”

రెండూ తెచ్చింది. కుంకుమని కొంగుతో తుడిచి నా చేతిలో పెట్టింది. “అమ్మోరికి నాను సెప్పుకుంటాను. నువ్వు బిగించు.” పన్నెండు సరిపోయింది. బెల్టు బిగువు కోసం రోకలి దూర్చి ఆవిడే ఎత్తి పట్టింది. కారు కిక్కురుమనకుండా స్టార్టయింది. ఎర్ర లైటు ఆరిపోయింది.

ఆసుపత్రి వరండాలో మావయ్య బల్ల మీద కూర్చుని ఉన్నాడు. పొద్దున్న తొమ్మిదింటికి తొడుక్కున్న ఉతికిన చొక్కా, మెడదాకా గుండీలు. వార్డువాళ్ళు రెండుసార్లు అంబులెన్సు పిలుస్తామంటే వద్దన్నాడట. పడుకోమంటే చొక్కా నలుగుతుందన్నాడట. అప్పుడు టైము అయిదుంపావు.

బావ ఎత్తుకుని ముందు సీట్లో కూర్చోబెట్టాడు. కారు వంద గజాలు కదిలిందో లేదో, మావయ్య తల పక్కకి వంచి విన్నాడు. ముప్ఫయ్యేళ్ళు క్రేను గొంతు విన్న చెవి అది.

“బెల్టెవుడు ఇప్పేడ్రా?”

వెనక సీట్లోంచి నేను మొత్తం చెప్పేశాను. ముసలమ్మ దండంతో సహా. మావయ్య నవ్వాడు. నవ్వు దగ్గయింది, దగ్గు ఆగక కారు ఆపాల్సొచ్చింది. ఆగిన చోట, పోర్టు క్రేన్లు వానలో మసగ్గా కనిపిస్తున్నాయి. వాటిని చూస్తూ ఊపిరి తెచ్చుకుని, “పోనీ” అన్నాడు. మా వీధి మలుపులో నడుం నిటారుగా పెట్టాడు. ఆడవాళ్ళు గుమ్మాల్లోకి వచ్చారు. ఎవరూ ఏడవలేదు. “ఏటి అలా సూత్తన్నారు? పండగ బూరెలేవీ?” అన్నాడు.

తర్వాత పదకొండు రోజులున్నాడు. అందులోంచి ఒక పూర్తి పగలు నేను తినేశాననే లెక్క నన్నింకా వదల్లేదు. చూడ్డానికొచ్చినవాళ్ళు మొహాలు వేలాడేసుకుని వచ్చేవాళ్ళు. వాళ్ళు నోరు విప్పేలోపే మావయ్య, “మా ఇంజనీరు ఏటి సేసేడో తెల్సా?” అని మొదలెట్టేవాడు. రోజురోజుకీ ఆ కథ పెరిగింది. బస్సులో దండం పెట్టినవాళ్ళు నలభైమందయ్యారు, కండక్టరు హారతిచ్చాడు. నేను గోడవైపు తిరిగి కూర్చునేవాణ్ణి. కాదని ఒక్కసారీ అనలేదు.

కర్మ రోజున భోజనాలయ్యాక, మావయ్యతో క్రేను మీద పనిచేసిన ఒకాయన నా పక్కన కూర్చున్నాడు. “ఒరే బాబూ, ఆడు నాకు సగమే సెప్పేడు. ఆల్టర్నేటర్ ఇప్పీసినారు, ఓల్డ్‌టౌన్ ఎల్లినారు, అక్కడికొచ్చి దగ్గొచ్చీసింది. తరవాత నాను రాలేకపోనాను. ఆకరికేటైనాదిరా?”

చెప్పాను. ఏడుస్తూ మొదలుపెట్టాను. మధ్యలో ఎక్కడో, మావయ్యలాగే, చేతులు తిప్పడం కూడా మొదలెట్టాను. ఆయన నవ్వి, కళ్ళు తుడుచుకున్నాడు. “అయితే ముందు సీట్లోనే కూకుని వచ్చేడన్నమాట.”

“ముందు సీట్లోనే” అన్నాను.

ఇప్పుడు నాకు నలభై రెండు. అప్పట్నుంచి ఇప్పటిదాకా చెప్పిన ప్రతి కథనీ పెంచే చెప్పాను. అది మావయ్య ఇచ్చిన ఆస్తి, దాచుకోవడమెందుకు? “ముందు సీట్లోనే” అన్న ఆ రెండు మాటల్ని మాత్రం పెంచడానికి ఎన్నిసార్లు ప్రయత్నించినా చేతకాలేదు. చేతకానప్పుడల్లా, బురదలో వెల్లకిలా పడుకుని “బయల్దేరిపోయాం మావయ్యా!” అని అరుస్తున్న ఆ ఇరవై రెండేళ్ళ ఇంజనీరు గుర్తొస్తాడు. వాణ్ణి తిట్టాలనే నోరు తెరుస్తాను. నవ్వే వస్తుంది.