ఇరవై వెళ్లి ఇరవై ఒకటి

మా ఇంట్లో పుట్టినరోజు నాడు ఎవరైనా ఎన్నేళ్లని అడిగితే "ఇరవై వెళ్లి ఇరవై ఒకటి వచ్చింది" అనేవాళ్లం. వెళ్లినదాన్ని వదిలేసి వచ్చినదాన్నే పట్టుకునేవాళ్లం. పిల్లలు తొందరగా పెద్దవాళ్లు కావాలన్న ఆశ కాబోలు. మా అమ్మ అలాగే లెక్కపెట్టేది, నేనూ అలాగే నేర్చుకున్నాను. ఆ లెక్క కొన్నిచోట్ల చెల్లదని పంచాయతీ ఎన్నికల దాకా నాకు ఎవరూ చెప్పలేదు.

మా ఊరు రాజోలు దాటి అంతర్వేది వెళ్లే దారిలో ఉంది. మాది చివరి వీధి. బోరు వేస్తే ఉప్పునీళ్లు పడతాయి, తాగడానికి పంచాయతీ కుళాయే దిక్కు. ఆ నీళ్లు కూడా మా వీధికొచ్చేసరికి నీరసపడి పైకి ఎక్కేవి కావు. అందుకని గొట్టం చుట్టూ గుంత తవ్వుకున్నాం. అందులోకి దిగి, గొట్టం కింద చెంబు పెట్టి, చెంబుతో బిందెలో పోసుకునేవాళ్లం. కాపురానికొచ్చిన నాటి నుంచీ నేను ఆ గుంతలో దిగుతూనే ఉన్నాను. అదొక కష్టమని ఎవరైనా అంటే ఆశ్చర్యపోయేదాన్ని.

అన్నది మా కోడలు. ఆ పిల్లది జొన్నాడ, గోదావరి నీళ్లు తాగి పెరిగింది. మా ఇంట్లో మొదటిరోజు టీ తాగి, "టీలో ఉప్పేసేరేంటండీ అత్తయ్యగారూ?" అని అడిగింది. నాకు చుర్రుమంది. నా టీకి వంక పెట్టినవాళ్లు అప్పటిదాకా పుట్టలేదు. కుళాయి నీళ్లకీ కాస్త ఉప్పు తగులుతుందని తెలిశాక ఆ పిల్లే ఎక్కువ నొచ్చుకుంది.

పెళ్లయిన కొన్నాళ్లకే మా అబ్బాయి పనికోసం మస్కట్ వెళ్లిపోయాడు. మా ఆయన పొద్దున్నే చేలోకి పోతారు. ఇంట్లో మేమిద్దరమే. ఓ రోజు ఆ పిల్ల గుంతలోంచి తడిసిన కుచ్చిళ్లతో పైకొచ్చి, "ఇది ఎవర్నడగాలండీ?" అంది. నాకు తెలియదు. అడగొచ్చని కూడా తెలియదు. ఆ పిల్లే కనుక్కుని, వీధిలో ఆడవాళ్లందర్నీ కూడగట్టి పంచాయతీ ఆఫీసుకి తీసుకెళ్లింది. గొంతు పెంచలేదు. మాటమాటకీ అండీ తగిలించి మాట్లాడుతుంటే అక్కడివాళ్లకి విసుక్కునే సందే దొరకలేదు. ఎవరో వచ్చి ఏదో బిగించి వెళ్లారు. పది రోజులు నీళ్లు పైకొచ్చాయి, మళ్లీ మామూలే.

"వార్డు మెంబరుంటే మీటింగులో అడగొచ్చంటండీ," అంది ఆ పిల్ల.

ఆ తర్వాత ఎన్నికలొచ్చాయి. మా వార్డు ఆడవాళ్లకి కేటాయించారు. వీధి వీధంతా మా వాకిట్లోకి వచ్చి మా కోడలితో నువ్వే నిలబడాలంది. అందరూ వెళ్లాక ఆ పిల్ల నా పక్కన కూర్చుని, "నాకు నిలబడాలనుందండీ," అంది. మొగుడికి ఇంకా ఫోన్ చెయ్యలేదు, ముందు నాకే చెప్పింది. ఆ మాటకి నేను ఎంత పొంగిపోయానో ఇప్పటికీ చెప్పలేను.

వీధిలో ఎన్నికల సంగతి తెలిసిన పెద్దాయన ఒకరు, తోడుగా నా పేరు మీద డమ్మీ నామినేషన్ కూడా వెయ్యాలన్నారు. "ఏదన్నా తేడా వచ్చి కోడలుగారిది కొట్టేస్తే, మీరుంటారండీ. ఆవిడది ఖాయమయ్యేక మీరెళ్లి సంతకం పెట్టి మీది వెనక్కి తీసుకోవడమే."

మా ఆయన నవ్వారు. "డమ్మీ అంటే ఏమీ తెలియనివాళ్లు కావాలి. మనింట్లో నీకు మించినవాళ్లెవరు?"

"మీరు ఆడవాళ్లయి పుట్టలేదు గానీ, అది మీకే దక్కేదండి," అన్నాను.

నామినేషన్ల పరిశీలన రోజున ఇద్దరం కొత్త చీరలు కట్టుకుని వెళ్లాం. ఎన్నికల అధికారి తల నెరిసిన మనిషి. కోడలి టెన్త్ సర్టిఫికెట్ చూశారు, వేళ్ల మీద ఏదో లెక్కపెట్టుకున్నారు, మళ్లీ చూశారు.

"మీకు ఇరవై ఒకటి నిండలేదమ్మా," అన్నారు.

నాకు కోపం నషాళానికంటింది. "నిండకపోవడమేంటండీ? శ్రావణంలోనే ఇరవై వెళ్లి ఇరవై ఒకటి వచ్చింది. నా చేత్తో పాయసం వండేను."

"వచ్చిందండీ, కాదన్ను. రావడం వేరు, నిండడం వేరు. ఈవేళ్టికి నిండి ఉండాలండి."

"పద్దెనిమిది నిండితే పెళ్లి చేసుకోవచ్చు, ఓటెయ్యొచ్చు, సంసారం ఈదొచ్చు. కుళాయి సంగతి అడగడానికి మాత్రం ఇరవై ఒకటి నిండాలా?"

"రూలలా ఉందమ్మా," అన్నారాయన గొంతు తగ్గించి. "మా అమ్మాయిదీ ఇదే ఈడండి."

నేను ఇంకా ఏదో అనబోతుంటే కోడలు నా మోచెయ్యి పట్టుకుంది. "ఆయ్, అలాగేనండీ," అంది ఆయనతో. ఆయన రెండో నామినేషన్ తీసి, నన్ను చూసి, ఇది సరిపోయిందన్నారు. వెనక్కి తీసుకుందామని వేసిన నామినేషన్ అది. దాన్ని ఖాయం చేసి చేతులు దులుపుకున్నట్టు అనిపించింది నాకు.

ఆటోలో వస్తూ ఆ చట్టం రాసినవాళ్లని దారి పొడుగునా తిట్టాను. వాళ్లకి కోడళ్లున్నారో లేదో అన్నాను. ఆ పిల్ల కాసేపు విని, "సగం బిందె తెచ్చి నిండుబిందె అంటే మీరూరుకుంటారేంటండీ?" అంది. ఊరుకోను. అందుకని నోరు మూసుకున్నాను.

ఇంటికి రాగానే బిందె తీసుకుని గుంతలోకి దిగింది. బిందె నిండాక కూడా పైకి రాలేదు. వెళ్లి చూస్తే అటు తిరిగి, చెంబుతో మొహం మీద నీళ్లు కొట్టుకుంటోంది, మళ్లీ మళ్లీ.

"నాదీ వెనక్కి తీసేసుకుంటానమ్మాయ్. నువ్వు లేకుండా నాకెందుకది?"

"మీరు తీసేసుకుంటే ఈ గుంత ఇంకో ఐదేళ్లుంటుందండీ," అంది, నా వైపు తిరగకుండానే.

మర్నాటి నుంచి ప్రచారానికి ఆ పిల్ల ముందు, నేను వెనక. నాకు గౌను గుర్తు ఇచ్చారు. "ఈ వయసులో గౌనేంటే నీకు!" అని మా ఆయన ఒకటే నవ్వు. పక్కింటి చంటిపిల్ల గౌను ఒకటి అడిగి తెచ్చి, కర్రకి తగిలించి, ఇంటింటికీ తిప్పింది ఆ పిల్ల. ఓటేస్తామన్నవాళ్లంతా దాని మొహం చూసి అన్నారు. నేను దండం పెట్టడం వరకే. గెలిచాను. నా మెళ్లో వేసిన దండ తీసి దాని మెళ్లో వేశాను, అది తీసి మళ్లీ నా మెళ్లోనే వేసింది.

మీటింగులకి ఇద్దరం వెళ్లేవాళ్లం. లోపల మెంబర్లే కూర్చోవాలి, అందుకని ఆ పిల్ల అరుగు మీద ఉండేది. ఎవరైనా ఏదైనా అడిగితే నేను మంచినీళ్లని చెప్పి బయటికొచ్చి, ఏం చెప్పాలో కనుక్కుని లోపలికి వెళ్లేదాన్ని. మెంబరుగారికి దాహం ఎక్కువని ఊళ్లో చెప్పుకున్నారట. ఓసారి పైపుల మాట వచ్చింది. చివరి వీధికి ఇప్పుడు అంత ఖర్చు ఎందుకన్నారు ఒకాయన. నాకు చిర్రెత్తుకొచ్చి, గుంతలో దిగి బిందె నింపి పైకి అందించడమంటే ఏమిటో మొదట్నుంచీ చివరిదాకా చెప్పాను. అందరూ విన్నారు. పైపులు మార్చడానికి ఒప్పుకున్నారు.

"ఈవేళ దాహం వెయ్యలేదేంటండీ?" అంది బయట ఆ పిల్ల. గోడ అవతల అంతా విందన్నమాట. నవ్వుతోంది, కళ్లు మాత్రం తడిగా ఉన్నాయి.

మళ్లీ శ్రావణం వచ్చింది. దాని పుట్టినరోజు పొద్దున్నే పాయసం పొయ్యి మీద పెట్టి, చాలారోజులుగా మనసులో నానుతున్న మాట చెప్పేశాను.

"ఇవాళ్టికి నీకు నిండిందమ్మాయ్. నేను రాజీనామా ఇచ్చేస్తాను. మళ్లీ ఎన్నిక పెడతారంట. నీ చోటు నువ్వు తీసుకో."

గరిటె నా చేతిలోంచి తీసుకుని పాయసం కలపసాగింది. దానికి ఆ ఆశ లేదని నేను అనను. చేతిలో గరిటె ఒక్కసారి ఆగింది కూడా.

"పైపులింకా సగమే వేసేరండీ," అంది. "మీకింకా నిండలేదు, అత్తయ్యగారూ."

నేను ఏడ్చేశాను. గ్యాసు పొయ్యికి పొగ కూడా ఉండదు, వంక పెట్టుకోవడానికి.

ఆ గుంత ఇప్పుడు లేదు. మేమిద్దరమే మట్టిపోసి పూడ్చేశాం. కుళాయి నడుమెత్తున ఉంది. నా ఐదేళ్లూ నిండాయి. మళ్లీ ఎన్నికలొస్తాయంటున్నారు. వార్డు ఈసారి ఎవరికి కేటాయిస్తారో తెలియదు గానీ, ఆడవాళ్లకే ఇవ్వకపోయినా వీలుంటే నిలబడతానంటోంది ఆ పిల్ల. మా ఇంట్లో ఇప్పుడు ఎవరి వయసు అడిగినా నిండినదే చెబుతున్నాం.

డమ్మీగా మళ్లీ నేనే వేస్తానన్నాను. ఇంత అనుభవం వచ్చాక కూడా డమ్మీయేనా అని మా ఆయన నవ్వారు. నవ్వనివ్వండి. పోయినసారి నా పని ఒకటి మిగిలిపోయింది. ఆ పిల్లది ఖాయమయ్యాక వెళ్లి, సంతకం పెట్టి, నాది వెనక్కి తీసుకోవాలి.