చీపురమ్మ ఊడ్చిన ఊపిర్లు

ఆవిడకు పుట్టినప్పుడు పెట్టిన పేరు ఒకటి ఉండే ఉంటుంది. కానీ ఆ రికార్డింగు స్టూడియోలో ఎవరూ ఆ పేరు పెట్టి పిలిచిన పాపాన పోలేదు. పేరుమోసిన గాయకుల దగ్గర్నుంచి టీ తెచ్చేవాడి దాకా అందరికీ ఆవిడ చీపురమ్మే. అలాగని ఆవిడ నేల ఊడ్చేది కాదు, శబ్దాలు ఊడ్చేది. పాట మధ్యలో కుర్చీ కిర్రుమన్నా, ఎవరి గాజులో గలగలమన్నా, వయొలిన్ వాయించే పెద్దమనిషి ముక్కు ఎగబీల్చినా, వెతికి పట్టుకుని ఆనవాలు లేకుండా తీసిపారేయడం ఆవిడ ఉద్యోగం. గోడలకు చెవులుంటాయంటారు గానీ, ఆ స్టూడియో గోడలకు ఉన్నదల్లా దూదీ, దానిమీద గుడ్డా. చెవులన్నీ ఈవిడవే.

అన్నిటికన్నా ఆవిడకు గిట్టనిది ఊపిరి. పాడేవాళ్ళు ప్రతి చరణం ముందూ గాలి పీల్చుకుంటారు. బతికున్నవాళ్ళు ఎవరైనా చేసే పనే అది. కానీ చీపురమ్మకు మాత్రం అన్నంలో రాయి తగిలినట్టుండేది. అది తీసేదాకా ఆవిడకు నిద్రపట్టేది కాదు. తీసిన ముక్కల్ని దాచే అలవాటు కూడా లేదు. చెత్త దాచుకుంటే ఇల్లు చెత్తకుండీ అవుతుందని ఆవిడ సిద్ధాంతం. అందుకే శుభ్రం చేసినదాన్ని పాతదానిమీదే సేవ్ చేసేది. ఒకసారి ఊడ్చాక బ్రహ్మ దిగివచ్చి అడిగినా పాతది దొరకదు.

ఆవిడ భర్త గాయకుడు. గొంతు మంచిదే, దానికి తగ్గ అదృష్టమే లేదు. బతికుండగా ఆయనది వచ్చింది ఒకే ఒక్క క్యాసెట్టు. టేపుల కాలం కదా, అప్పట్లో ఊడ్చడమంటే టేపును బ్లేడుతో కోసి, అక్కర్లేని ముక్క కింద పారేసి, మిగిలిన కొసల్ని అతికించడం. చిన్నప్పుడెప్పుడో ముక్కు విరగడం వల్ల ఆయన గాలి ఒక్క బిగిన పీల్చలేకపోయేవాడు. సగం పీల్చి, మెట్టు తగిలినట్టు చిన్నగా ఆగి, అప్పుడు మిగతా సగం పీల్చేవాడు. మొగుడి మీద ప్రేమతో ఆవిడ ఆ ఊపిర్లన్నిటినీ ఒక్కటి కూడా వదలకుండా కోసింది. క్యాసెట్టు విని ఆయన నవ్వాడు. ఎవరో గానీ అద్భుతంగా పాడాడు, నేనైతే కాదు అన్నాడట. ఆ మాటకు ఆవిడ అలిగి రెండు పూటలు మాట్లాడలేదు.

కొన్నేళ్ళకు ఆయన స్టూడియో మెట్లమీదే కుప్పకూలిపోయాడు. కర్మకాండలన్నీ అయ్యాక చీపురమ్మ తలుపు వేసుకుని ఆ క్యాసెట్టు పెట్టుకుంది. గొంతు ఉంది. మాటలున్నాయి. మనిషి మాత్రం లేడు. ఎంతసేపు విన్నా ఒక్కసారైనా గాలి పీల్చుకోకుండా పాడుతూనే ఉన్న మొగుణ్ణి వింటుంటే ఆవిడకు భయం వేసింది. ఆపేసి బీరువాలో అడుగున పెట్టింది. మరి ఆ తర్వాతైనా ఊపిర్లు కోయడం మానిందా అంటే, అదీ లేదు. అలవాటైన చెయ్యి ఊరుకోదు. పైగా స్టూడియో నడిపేది మరిది. వదిన పనితనం చూసే సగంమంది ఆ స్టూడియోకి వచ్చేవాళ్ళు.

ఆ స్టూడియోకే ఒక అమ్మాయి వచ్చింది. ఇరవై దాటి ఎంతో కాలం అయినట్టు లేదు. ఆల్బమ్ చేయాలంది. ఏం సంగీతమని మరిది అడిగితే జాజ్ అంది, పెద్ద ఆర్కెస్ట్రా అంది, అందులోనే జోలపాటలూ ఊరేగింపు బ్యాండూ కూడా ఉంటాయంది. ఇది ఆల్బమా, కలగూరగంపా అని మరిది వదిన చెవిలో గొణిగాడు. వాయించేవాళ్ళెప్పుడొస్తారని అడిగితే, అన్నీ నేనే అంది ఆ పిల్ల. ఆ రోజునుంచి మరిది ఆమెకు అన్నీనేనే అని పేరు పెట్టాడు.

నిజంగానే అన్నీ ఆమే. పియానో, వయొలిన్, సెల్లో, క్లారినెట్, ట్రంపెట్, డ్రమ్సు, ఏది చేతికిచ్చినా అది ఆమె మాట వినేది. లోపలి గదిలో నిజంగా వాద్యబృందం వచ్చి కూర్చోబోతున్నట్టు కుర్చీలు వరసలుగా వేయించుకుంది. వయొలిన్‌కు ఒక కుర్చీ, క్లారినెట్‌కు దాని వెనక కుర్చీ. అంతకుముందు ఒక్కొక్క వాద్యంగా వాయించి రికార్డు చేసిన పొరలన్నీ హెడ్‌ఫోన్‌లో వింటూ, వాటిమీద కొత్త పొర వాయించేది. ఒక్కో పొర పడేకొద్దీ ఖాళీ గది నిండుతున్నట్టుండేది. అద్దానికి ఇవతల కూర్చున్న చీపురమ్మకు ఆ కుర్చీల వైపు చూడాలంటే ఎందుకో ఒళ్ళు జలదరించేది. వినపడేదేమో ముప్పైమంది, కనపడేదేమో ఒక్క పిల్ల.

పని మాత్రం చకచకా సాగింది. ప్రతి పొర మొదట్లోనూ ఒక ఊపిరి ఉండేది. క్లారినెట్ ఊదేవాళ్ళు గాలి పీల్చకపోతే ఎలాగని చీపురమ్మ దాన్ని ఊడ్చేసేది. వయొలిన్ ముందూ ఉంది. వాయించేవాళ్ళు కొందరు అలా పీలుస్తారులే అని దాన్నీ ఊడ్చింది. పియానో ముందు వినపడినప్పుడు కాస్త చిరాకుపడి, ఈ పిల్లకు నోరు మూసుకోవడం రాదనుకుంటూ దాన్నీ ఊడ్చింది. చెవి చురుకైనవాళ్ళతో వచ్చిన చిక్కే అది. ఏం తీసేయాలో చటుక్కున పట్టేస్తారు గానీ, అదేమిటో ఆగి వినరు.

డ్రమ్సు రోజున విషయం తేలింది. అమ్మాయి స్టూలు మీద కూర్చుని, కర్రలు ఒళ్ళో పెట్టుకుని, క్లిప్పు పెదాల మధ్య బిగించి జుట్టు ముడి వేసుకుంటోంది. చీపురమ్మ అద్దంలోంచి ఆమెనే చూస్తోంది. అప్పుడు హెడ్‌ఫోన్‌లో ఎవరో గాలి పీల్చారు. సగం పీల్చి, మెట్టు తగిలినట్టు ఆగి, మిగతా సగం.

అది ఎవరిదో చీపురమ్మకు తెలుసు. హెడ్‌ఫోన్ తీసేసింది. ఏమీ లేదు. మళ్ళీ పెట్టుకునేసరికి అమ్మాయి వాయించడం మొదలుపెట్టేసింది. పొర పూర్తయ్యాక వెనక్కి తిప్పి విన్నది. ఉంది. మైకు మార్చించింది, తీగలు మార్చించింది, ఏసీ ఆపించింది. అయినా ఉంది. అమ్మాయి ఏ కుర్చీలో కూర్చుంటే, సరిగ్గా ఆ కుర్చీ వెనకనుంచి వస్తోంది.

భయపడాల్సిన మనిషి భయపడలేదు, ఏడ్చింది. ఎందుకంటే అప్పటికే పని సగానికి పైగా అయిపోయింది. అప్పటిదాకా అయిన పాటలన్నిటిలో ప్రతి పొరముందూ ఆయన పీల్చిన ఊపిర్లను తన చేత్తోనే ఊడ్చేసి, వాటిమీదే సేవ్ చేసేసింది. వెనక్కి వెళ్ళి ఒక్కొక్క పాటా వెతికింది. అద్దంలా శుభ్రంగా ఉన్నాయి. మొగుణ్ణి రెండోసారి కూడా ఊడ్చిపారేశానని ఆవిడకు అర్థమైంది.

అప్పటినుంచి ఆవిడ ఊపిరి జోలికి పోలేదు. కానీ ఇంకో సంగతి గమనించింది. మొదట్లో నిండుగా వినపడిన ఊపిరి రానురాను పలచబడుతోంది. ఊడ్చినకొద్దీ తరిగిపోయిందో ఏమో, కొన్ని పొరలముందు అసలు రావడమే మానేసింది. చివరి పాటలో అన్ని వాద్యాలూ ఒక్కసారిగా ఆగి, కొంచెంసేపు నిశ్శబ్దం ఉండి, క్లారినెట్ ఒక్కటే మళ్ళీ మొదలవుతుంది. ఆ నిశ్శబ్దంలో ఒక్క ఊపిరి పడింది. డ్రమ్సు రోజునుంచీ ఉంచినవన్నీ వాద్యాల మోతలో మునిగిపోయాయి, ఆల్బమంతటికీ వినపడేలా మిగిలింది అదే.

మరిదికి తొందర. ఇచ్చేయాల్సిన గడువు వచ్చేసింది, ఇంకా ఏం ఊడుస్తున్నావు వదినా అని రెండుసార్లు తలుపు దగ్గరకొచ్చి వెళ్ళాడు. ఆ మధ్యాహ్నం అమ్మాయి బయటి గదిలోకి వచ్చి చీపురమ్మ పక్కన కూర్చుని చివరి పాట మొత్తం విన్నది. నిశ్శబ్దం దగ్గరకు రాగానే ఆమె భుజాలు బిగుసుకున్నాయి.

"పెద్దమ్మా, అది తీసేయండి."

"ఏది?" అంది చీపురమ్మ, తెలియనట్టు.

"ఆ ఊపిరి."

తీసేయడమంటే ఒక్క వేలితో అయ్యే పని. ఆల్బమ్ ఆ పిల్లది, ఉంచాలో తీయాలో చెప్పే హక్కూ ఆ పిల్లదే. జీవితమంతా ఎవరేది తీయమంటే అది తీసిన మనిషి, మొదటిసారి చేతులు ఒళ్ళో పెట్టుకుంది.

"తీయను తల్లీ. అది మా ఆయనది. ఆయన పోయి చాలా కాలమైంది."

అమ్మాయి నవ్వలేదు, లేచి వెళ్ళిపోనూ లేదు. మొదటి రోజునుంచీ తనకూ వినపడుతోందని చెప్పింది. ఎప్పుడు మొదలుపెట్టాలో సైగ చేయడానికి చీపురమ్మే అద్దం ఇవతలనుంచి అలా పీలుస్తోందనుకుందట. తాళం లెక్కపెట్టుకోవడం ఎప్పుడో మానేసిందట. ఆ ఊపిరి వినపడగానే చేతులు వాటంతటవే కదిలేవట. ఇన్ని పొరలు వెంట్రుకవాసి తేడా లేకుండా ఒకదానిమీద ఒకటి కూర్చున్నది అందుకేనట.

"మరి ఎందుకు తీయమంటున్నావు?"

"వినలేకపోతున్నాను పెద్దమ్మా. ఇన్నిసార్లు పీల్చాడు, ఒక్కసారి కూడా వదల్లేదు. ఆయన అలా బిగబట్టుకునే ఉన్నాడు."

నిజమే, అనుకుంది చీపురమ్మ. తను కోసినవన్నీ లోపలికి పీల్చిన ఊపిర్లే. వదిలిన గాలి పాటయిపోతుంది కదా, పాటను ఆవిడ క్యాసెట్టులో దాచిపెట్టింది. పీల్చిన గాలిని మాత్రం పాటనుంచి కోసి నేలమీద పడేసింది. ఆ ఊపిరికి ఇన్నేళ్ళూ బయటికి పోయే దారి లేదు. ఇప్పుడు తీసేస్తే ఆయన పూర్తిగా పోతాడు, ఉంచితే అలా బిగబట్టుకునే ఉండిపోతాడు. ఏది చేసినా పాపం తనదే అనిపించింది.

ఆవిడ లేచింది. మైకులు పనిచేస్తుండగా లోపలి గదిలో ఆవిడ ఎన్నడూ అడుగుపెట్టలేదు. రికార్డు చేయడానికి ఏ బటన్ నొక్కాలో అమ్మాయికి చూపించి, చివరి పాట మొదటినుంచి వదలమని చెప్పి, లోపలికి వెళ్ళి తలుపు వేసుకుంది. క్లారినెట్ కుర్చీలో కూర్చుని హెడ్‌ఫోన్ పెట్టుకుంది. చుట్టూ ఉన్న కుర్చీలన్నీ ఖాళీ. తల తిప్పి వెనక్కి చూడాలని ఎంతగానో అనిపించినా ఆవిడ చూడలేదు.

పాట మొదలైంది. వయొలిన్లు లేచాయి, బ్యాండు వచ్చి వీధంతా దద్దరిల్లేలా మోగి వెళ్ళింది, పియానో జోలపాట అందుకుంది, డ్రమ్సు దాన్ని నిద్రపోనివ్వకుండా లేపాయి. అన్నీ ఆగిపోయాయి. మెడమీద చల్లగా తగిలింది. ఆయన గాలి పీల్చాడు. సగం, మెట్టు, మిగతా సగం.

చీపురమ్మ నోరు తెరిచి ఊపిరి వదిలింది. గుండెలో ఉన్నదంతా, ఇంకేమీ మిగలనంతదాకా వదిలింది. ఆయన పోయినప్పటినుంచీ తను కూడా బిగబట్టుకునే ఉందని ఆవిడకు అప్పుడే తెలిసింది.

బయటికి వచ్చాక ఇద్దరూ కలిసి విన్నారు. నిశ్శబ్దం వచ్చింది. ఆయన పీల్చడం వినపడింది. ఆ వెనకే ఊపిరి వదలడం. ఆవిడ వదిలింది ఒక్కటే. వినపడినవి రెండు. రెండూ కలిసే మొదలయ్యాయి. ఒకటి కాస్త దూరం వెళ్ళి ఆగిపోయింది. రెండోది ఎక్కడా మెట్టు తగలకుండా, తొణక్కుండా, క్లారినెట్ మొదలయ్యేదాకా సాగుతూనే ఉంది.

అమ్మాయి వెనక్కి తిప్పి ఇంకోసారి వినిపించింది. ఇందులో మీది ఏది పెద్దమ్మా అని అడిగింది.

"ముందు ఆగిపోయింది నాది," అంది చీపురమ్మ, కళ్ళు తుడుచుకుంటూ. "రెండూ ఉండనీ."