మూకీ సినిమాల ఆంటీ పెట్టిన ముద్ద

నా చిన్నప్పుడే నేను మనీలా సినిమా తారకు కొడుకుగా నటించాను. టాంపినీస్ పేటలో మా ఫ్లాట్ల బ్లాకు కింద కూర్చునే వాళ్లందరికీ ఈ మాట చెప్పాను. ఒకసారి ఊపులో నాకు గుర్రం కూడా ఇచ్చారన్నాను. గుర్రం లేదు, ఒప్పుకుంటున్నాను. కెమెరా కూడా లేదు. జరిగిందంతా ఆవిడ వంటింట్లో.

అప్పుడు మేం ఇదే ఊళ్లో పాయా లేబర్ అనే పేటలో ఆకుల కప్పు ఇంట్లో ఉండేవాళ్లం. పక్కింటి ఆంటీ మూకీల రోజుల్లో మనీలాలో కథానాయిక. కళ్లతోనే హాలంతా ఏడిపించేదట. సినిమాలకు మాటలొచ్చాక ఆవిడ బొంగురు గొంతు ఎవరికీ నచ్చలేదు. తల్లి వేషాలిచ్చారు, ఆ తర్వాత వంటమనిషి వేషాలు. చివరికి ఇక్కడ మలయ్ సినిమాలు తీస్తున్న తన దేశంవాళ్లను నమ్ముకుని ఓడెక్కింది. మలయ్ భాష మాత్రం ఆవిడకు నోరు తిరిగేది కాదు. నాకంటే బాగా పెద్దదైన మా అక్క రోజూ సాయంత్రం కూర్చోబెట్టి పలికించేది.

ఒక ఆదివారం స్టూడియో ఆయన ఆవిడ నటన చూడ్డానికి ఇంటికే వచ్చాడు. అలిగిన కొడుకుకు అన్నం తినిపించే తల్లి వేషం. దొరికితే ఇక్కడే ఉంటుంది, లేకపోతే తిరుగు ఓడే. కొడుకుగా నన్ను కూర్చోబెట్టి నా ముందు అన్నం, చేప పెట్టారు. ఆంటీ నోరు తెరిచింది, మాట గుర్తురాలేదు. నా పక్కన కూర్చుని, ముళ్లు ఏరి, ముద్ద చేసి నోట్లో పెట్టింది. నేను మింగేదాకా నా ముఖం మీంచి చూపు తిప్పలేదు. స్టూడియో ఆయన కళ్లు తుడుచుకుని వేషం ఆవిడకే ఇచ్చాడు.

నోట మాట రాకపోతే చేతులతో చెప్పొచ్చని ఆ రోజే తెలిసింది. మా ఆవిడ ఆస్పత్రిలో ఉన్నన్నాళ్లూ నాకు ఓదార్పు మాటలు దొరకలేదు. కమలాపండు వలిచి, పీచు తీసి, ఒక్కో తొనా చేతిలో పెట్టేవాణ్ణి. ఇప్పటికీ ఎవరి బాధ ముందు కూర్చున్నా ముందు కదిలేవి నా చేతులే.

ఇదంతా మా అక్కకు చదివి వినిపించాను. కళ్లద్దాలు తీసి నన్ను చూసింది.

"వేషమెక్కడిదిరా? ఆంటీకి మాటంతా వచ్చు, నేర్పింది నేనే కదా. నీ గొంతులో ముల్లు ఇరుక్కుంది. చెప్పేది మధ్యలో ఆపేసి, స్టూడియో ఆయన పిలుస్తున్నా తిరిగి చూడకుండా, ముల్లు దిగేదాకా నీచేత ఉత్త అన్నం ముద్దలు మింగించింది. ఆయన విసుక్కుని వెళ్లిపోయాడు. ఆ వారమే ఆవిడ తిరుగు ఓడెక్కింది."