ఉడకబెట్టిన ఒలేనా

కస్తూరికి నోరెక్కువ. ఆ సంగతి మెల్బోర్న్ శివారు క్రెయిగీబర్న్‌లో అప్పట్లో ఉన్న నాలుగు తెలుగు కుటుంబాలకూ తెలుసు, ఆమె పనిచేసే ఆసుపత్రి లాండ్రీలో అందరికీ తెలుసు, మొగుడు రాయప్పకైతే చెప్పనే అక్కర్లేదు. ఆదివారం ప్రార్థన అయ్యాక ఎవరినో ఒకరిని ఆడిపోసుకోకపోతే ఆవిడకి టీ గొంతు దిగేది కాదు. ఎనభైతొమ్మిదిలో ఆ నోటికి చిక్కిన మనిషి పక్కింటి హెలెనా.

హెలెనా హవాయి దీవుల మనిషి. డెబ్భై దాటాయి. యుద్ధం అయిపోయిన కొత్తలో ఒక ఆస్ట్రేలియా నావికుణ్ణి పెళ్ళాడి ఇక్కడికొచ్చింది. వచ్చేటప్పుడు తల్లి ఇచ్చిన పసుపు దుంపల్ని గౌను అంచులో పెట్టి కుట్టుకుని తెచ్చుకుంది. వాళ్ళు పసుపుని ఒలేనా అంటారు. వాళ్ళ పెద్దలు సముద్రం దాటి ఆ దీవులకి చేరినప్పుడు పడవల్లో వెంట తెచ్చుకున్న మొక్కల్లో అదొకటట. మెల్బోర్న్ చలికి పసుపు మొక్క నిలబడదు. అందుకని హెలెనా కూరగాయల కొట్టువాళ్ళు పారేసిన ఫోమ్ పెట్టెల్లో దాన్ని పెంచేది. పొద్దున వంటింటి వెనక ఎండలో పెట్టడం, పొద్దు వాలగానే లోపలికి మోసుకురావడం. నలభై ఏళ్ళు అలా మోసింది. మొగుడు పోయిన రోజు కూడా మోసిందట.

కస్తూరిది దుగ్గిరాల. పసుపుకి పేరుపడ్డ ఊరు. తల్లీ తండ్రీ ఇద్దరూ పసుపు వండే కూలీలు. రైతుల కళ్ళాల్లో పెద్ద పెద్ద బాణలి పొయ్యిల దగ్గర కస్తూరి పెరిగింది. దుంప బాణలి దగ్గరికి వచ్చాకే వాళ్ళ కళ్ళబడేది. నీళ్ళు పోసి, పైన పసుపాకు కప్పి, నురగ పొంగి, గుచ్చిన పుల్ల మెత్తగా దిగేదాకా ఉడకబెట్టాలి. పదిహేను రోజులు ఎండలో పెట్టాలి. గోనెపట్టాలో వేసి రుద్దాలి. కొమ్ముని రాతి మీద వేస్తే ఠంగుమని మోగాలి. అప్పుడే అది పసుపు. పదేళ్ళ వయసులో ఉడుకు నీళ్ళు పడి కాలిన మచ్చ ఆవిడ ఎడమ మోచేతి మీద ఇప్పటికీ ఉంది.

అలాంటి కస్తూరికి ఆ ఏడాది చలికాలంలో చెవిపోటొచ్చింది. రెండు రోజులు మంచం మీద దొర్లి ఏడ్చింది. హెలెనా కంచె దాటి వచ్చి, పచ్చి దుంప తురిమి, గుడ్డలో వేసి పిండి, ఆ రసాన్ని గోరువెచ్చగా చేసి చెవిలో నాలుగు చుక్కలు వేసింది. పక్కనే కూర్చుని తల నిమిరింది. సాయంత్రానికి పోటు తగ్గింది. ఆదివారం కస్తూరి ఏం చేసిందో తెలుసా? టీ కప్పు పట్టుకుని అందరి ముందూ హెలెనాలా నడుం వంచి నడిచి చూపించింది.

"పచ్చి పసుపండీ! ఉడకబెట్టడం కూడా తెలీదు ఆ మహాతల్లికి. అలాగే పిండేసి చెవుల్లో పోస్తది, ముక్కుల్లో పోస్తది. బిడ్డ పుడితే ఉప్పునీళ్ళలో కలిపి ఇల్లంతా చల్లుతారంట. నాకు లెసన్లు చెప్తంది, నాకు, పసుపు గురించి!"

అందరూ పడీ పడీ నవ్వారు. చెవి బాగైన మనిషి అందరికంటే ఎక్కువ నవ్వింది.

అయినా హెలెనా అంటే ఇష్టం లేకపోలేదు కస్తూరికి. పులుసు చేస్తే గిన్నె పంపేది. హెలెనా కూతురు ఎల్సా గురించి వినేది కూడా. తండ్రి పోయినప్పుడు మాటా మాటా పెరిగి, ఎల్సా అక్కడెక్కడో ఉత్తరాన, చలి లేని కెయిర్న్స్‌లో ఉండిపోయింది. పదేళ్ళుగా తల్లి ముఖం చూడలేదు. తొంభైలో, ముప్ఫై ఎనిమిదేళ్ళకి ఆమెకి ఆడపిల్ల పుట్టింది. అప్పుడు ఫోన్ చేసింది. హవాయిలో తన అమ్మమ్మ చేసినట్టే పిల్ల మీద ఒలేనా నీళ్ళు చల్లాలట, ఆ దుంపల్ని తన దొడ్లో నాటుకోవాలట. సెప్టెంబర్‌లో వచ్చి పట్టుకుపోతానంది.

"నా కోసం రావడం లేదు కస్తూరీ, దుంపల కోసం వస్తోంది. ఫర్వాలేదు. వస్తోంది కదా, నాకది చాలు" అంది హెలెనా. ఆ మాట చెప్తూ మురిసిపోయింది ముసలిది.

జూన్‌లో, అక్కడి చలికి ఆకులు ఎండి రాలిపోయాక, హెలెనా దుంపలన్నీ తవ్వి బకెట్లోకి ఎత్తింది. ఆ బకెట్ మోస్తూనే మెట్టు మీద జారిపడి తుంటి విరగ్గొట్టుకుంది. అంబులెన్స్ వచ్చేలోగా నొప్పితో పళ్ళు కరుచుకుంటూ ఒకటే మాట.

"పొడి ఇసుకలో పెట్టు. చీకట్లో ఉంచు. తడి తగలనివ్వకు. ఎల్సా వచ్చేదాకా నువ్వే చూడాలి."

"నేను చూస్కుంటా ఆంటీ, డోంట్ వర్రీ. దుగ్గిరాల దాన్ని" అంది కస్తూరి.

ఇసుకలోనే పెట్టింది, అబద్ధమెందుకు. కాని ఎలకలు కొరుకుతాయని బకెట్‌కి మూత బిగించింది. గాలాడలేదు. జులై మధ్యలో తీసి చూస్తే రెండు దుంపలు మెత్తబడి, బూజు పట్టి, వాసనొస్తున్నాయి. కుళ్ళు తగిలిన పసుపుని కళ్ళంలో ఏం చేసేవాళ్ళో ఆవిడకి తెలుసు. ఆ పూటే బాణలిలో వేసేయాలి, ఆలస్యం చేస్తే కుప్పంతా పోతుంది. తండ్రి అలా పరుగులు పెట్టడం ఎన్నిసార్లు చూసిందో! వాటిని నాటాలన్న మాట ఆ కంగారులో ఆవిడకి తట్టనే లేదు.

కుళ్ళిన రెండూ పారేసి, మిగతావన్నీ కడిగి పెద్ద కుక్కర్ గిన్నెలో ఉడకబెట్టింది. పుల్ల దిగేదాకా ఉండి దించింది. మెల్బోర్న్‌లో ఎండెక్కడిది? గ్యాస్ హీటర్ ముందు దుప్పటి పరిచి, పదిహేను రోజులు ఆరబెట్టింది. గోనెపట్టా దొరక్క పాత జీన్స్ కాలులో వేసి రుద్దింది. చేతులు పసుపెక్కిపోయి, లాండ్రీలో తెల్ల దుప్పట్ల మీద వేళ్ళ అచ్చులు పడితే సూపర్‌వైజర్ నానా తిట్లూ తిట్టాడు. పడింది. ఆసుపత్రిలో హెలెనాని చూడ్డానికి వెళ్ళినప్పుడల్లా చేతులు జేబుల్లో పెట్టుకునేది, ముందే తెలిసిపోతే సరదా పోతుందని. కొంత పొడి కూడా కొట్టి, కొమ్ములూ పొడీ రెండూ బిస్కెట్ల డబ్బాలో పెట్టి, మూతకి రిబ్బన్ కట్టింది. ఇంత మెరుపున్న పసుపు ఆ ముసలిది పుట్టి ఎరుగదనుకుంది.

సెప్టెంబర్ మొదటి వారంలో హెలెనాని చేతికర్రతో ఇంటికి తెచ్చారు. మర్నాడు మధ్యాహ్నం కస్తూరి డబ్బా పట్టుకుని నవ్వుకుంటూ వెళ్ళింది.

హెలెనా రిబ్బన్ విప్పింది. చాలాసేపు డబ్బాలోకి చూసింది. ఒక కొమ్ము తీసి గోటితో గిచ్చింది. గోరు దిగలేదు. బల్ల మీద కొట్టింది. ఠంగుమని మోగింది.

"చూశారా ఆంటీ ఆ సౌండు!" అంది కస్తూరి.

"ఉడకబెట్టావా?"

"అవును ఆంటీ. బూజొచ్చేసింది. మీరే ఉంటే అంతా కుళ్ళిపోయేది. నేను సేవ్ చేశా."

"ఒక్కటైనా మిగిల్చావా?"

"ఒక్కటి కూడా వదల్లేదు" అంది కస్తూరి గర్వంగా.

హెలెనా ఏడవలేదు, అరవలేదు. "ఉడికింది మొలకెత్తదు కస్తూరీ" అంది, చిన్నపిల్లకి చెప్పినట్టు. అప్పుడు తగిలింది కస్తూరికి. ఇండియన్ షాపులో దొరికేది ఎండుకొమ్ములూ పొడే. బయటి దేశం నుంచి పచ్చి దుంప తెస్తే ఎయిర్‌పోర్టులోనే పారేస్తారు. దొరికినా అది వేరే పసుపు, ఆ తల్లి ఇచ్చిన దుంప కాదు.

హెలెనా కస్తూరి ముందే కెయిర్న్స్‌కి ఫోన్ చేసింది. ఎల్సా ఎత్తగానే మొదట అడిగింది తల్లి తుంటి గురించి కాదు. దుంపలు మొలక తొడిగాయా అని. ఆ గొంతు కస్తూరికి కూడా వినబడింది. హెలెనా ఉన్నది ఉన్నట్టు చెప్పింది.

"అయితే నేనొచ్చి ఏం చేయాలి?" అంది ఎల్సా. "టికెట్ కాన్సిల్ చేస్తాను."

"పిల్లని ఒక్కసారి..." అంటూ ఉంది హెలెనా. లైన్ తెగిపోయింది.

ముసలిది ఫోన్ సరిగ్గా పెట్టింది. డబ్బాకి మళ్ళీ మూత పెట్టి, రిబ్బన్ కట్టి, కస్తూరి చేతుల్లో పెట్టింది.

"ఆంటీ, నేను మాట్లాడతా ఎల్సాతో, ప్లీజ్ ఆంటీ, నా తప్పని చెప్తా..."

"మా అమ్మని ఉడకబెట్టి డబ్బాలో పెట్టి తెచ్చావు. తీసుకుపో. వండుకుని తినండి" అంది హెలెనా. "ఇక కంచె దాటి రాకు."

ఆ సాయంత్రం రాయప్ప షిఫ్ట్ దిగి వచ్చేసరికి కస్తూరి చేపల పులుసు పెట్టి ఉంది, కళ్ళు ఉబ్బి ఉన్నాయి. పులుసులో వేసింది ఆ పసుపే. పసుపు పారేయడం ఆవిడకి చేతకాదు. వడ్డిస్తూ అంతా చెప్పింది. రాయప్పది తెనాలి, తండ్రి బడిపంతులు. నాలుగెకరాలుండేవి.

"విత్తనానికి నాలుగు దుంపలు పచ్చివి దాచాలని తెలీదటే? దుగ్గిరాల దాన్ని దుగ్గిరాల దాన్నని ఊరంతా చెప్పుకు తిరుగుతావ్! ప్రతి రైతింట్లో ఒక గది ఉంటది కదే, విత్తనపు దుంపలకి!"

కస్తూరి గరిటె గిన్నెలో పెట్టేసింది.

"ఉంటదండీ. ఉందని తెలుసు. మా అమ్మ ముప్ఫై ఏళ్ళు వండింది వాళ్ళ పసుపు. మమ్మల్ని ఎప్పుడన్నా ఆ గది గుమ్మం తొక్కనిచ్చారా, లోపల ఏం చేస్తారో తెలియడానికి?"

రాయప్ప తల వంచుకుని అన్నం కలుపుకున్నాడు. రెండు ముద్దలు తిన్నాక, పులుసు మాత్రం బాగా కుదిరిందన్నాడు. నిజంగానే బాగా కుదిరింది.